పదిన్నరకల్లా హాజరు

కోర్టుకు వెళ్లే పని పడితే ముందే పక్కాగా ప్లాన్ వేసుకోవాలని సలహా ఇచ్చేవాళ్లుంటారు. వాళ్లను గుర్తుపట్టడం తేలిక. జన్మలో కోర్టు మెట్లు ఎక్కి ఉండరు. ఎక్కినవాళ్లు ప్లాన్ మాటే ఎత్తరు. ‘కడుపునిండా తిని వెళ్లు, ఫోను చార్జింగ్ పెట్టుకో, ఆ రోజుకి ఇంకే పనీ ఒప్పుకోకు’ అంటారు. ఊళ్లో ఉన్న కోర్టు విషయంలో మానవమాత్రుడు వేయగలిగిన ప్లాన్ అంతే.

కారణం చిన్నది. జూనియర్ సివిల్ జడ్జి కోర్టయినా, సబ్ కోర్టయినా, మెజిస్ట్రేటు కోర్టయినా ఆ రోజు జాబితాలో ఎన్ని కేసులుంటే అన్నిటికీ ఒకటే వేళ: ఉదయం 10.30. పొలం గట్టు తగాదాకి 10.30. చెల్లని చెక్కుకి 10.30. మనోవర్తికి 10.30. తాతల నాటి పార్టిషన్ దావాకీ, మొన్న రాత్రి తాగి బండి నడిపినవాడికీ 10.30. జడ్జిగారు ఒకరు, బల్ల ఒకటి, బోర్డు మీద కేసులు ఎనభయ్యో నూటపదో. వీళ్లందరినీ ఒకే నిమిషానికి రమ్మని, దానికి విచారణ వేళ అని పేరు పెట్టి, ఆ పేరు నమ్మి వచ్చినవాణ్ని సాయంత్రం దాకా నిలబెట్టడం మన న్యాయపాలనలో అన్నిటికన్నా క్రమంగా అమలవుతున్న నిబంధన. మిగతా నిబంధనల సంగతి ఆయా న్యాయవాదుల్ని బట్టి ఉంటుంది. ఇది మాత్రం కోర్టు సెలవుల్లో తప్ప తప్పదు.

ముందే మనవి చేస్తున్నాను. తీర్పులతో నాకు పేచీ లేదు. పేచీ గోడ గడియారంతో. దాన్ని విమర్శిస్తే 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం కిందికి రాదనే అనుకుంటున్నాను.

మా మేనల్లుడొకడు గచ్చిబౌలిలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేస్తాడు. వాళ్ల నాన్న పోయాక పొలంతో పాటు పొలం మీద దావా కూడా వాడికి వచ్చింది. ఎల్ఆర్‌గా, అంటే చట్టపరమైన వారసుడిగా చేర్చాం, ఒకసారి వచ్చి వెళ్లమని వకీలుగారు కబురు చేశారు. వాడు మొత్తం రోజును ఫోన్ క్యాలెండర్లో రంగురంగుల గళ్లుగా పంచాడు. 10.30 నుంచి 11.15 దాకా కోర్టు. 11.30కి సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో ఈసీ. ఒంటిగంటకి మా ఇంట్లో భోజనం. మూడింటికి బస్సు. ‘‘మధ్యలో పావుగంట బఫర్ కూడా పెట్టాను మామయ్యా’’ అన్నాడు. ఆ మాట విన్న ప్లీడరు గుమాస్తా ఏమీ అనలేదు. వాడికో టీ చెప్పాడు.

జడ్జిగారు సరిగ్గా పదిన్నరకి బెంచి ఎక్కారు. ఆ మాట చెప్పకపోతే పాపం. ఎక్కగానే కాల్ వర్క్ మొదలైంది. బెంచి క్లర్కు నంబర్లు చదువుతుంటే, అటెండరు గుమ్మం దగ్గర నిలబడి పేర్లు కేకేస్తుంటే, కట్టలు ఒకవైపు నుంచి ఇంకోవైపుకి మారుతున్నాయి. మావాడి కేసు పన్నెండు దాటాక పిలిచారు. వకీలుగారు మేడ మీద కోర్టులో ఉన్నారని జూనియర్ చెప్పాడు. ‘పాస్ ఓవర్’ అన్నారు, అంటే మళ్లీ పిలుస్తామని. లంచ్ తర్వాత సగంలో ఆగిన క్రాస్ ఎగ్జామినేషన్ ఒకటి మొదలై, దారి ఇవ్వకుండా సాగింది. నాలుగున్నర దాటాక మావాడి నంబరు మళ్లీ వినబడింది. వెనకే ఒక తేదీ వినబడింది. అంతే, అయిపోయింది. వాడు గుమాస్తాని అడిగాడు: ‘‘ఈ తేదీ ఫోన్లో చెప్పొచ్చు కదండీ?’’ గుమాస్తా చాలా నిజాయితీపరుడు. ‘‘చెబితే మీరు రారుగా బాబూ’’ అన్నాడు.

ఇంతకన్నా సూటిగా ఈ పద్ధతిని సమర్థించినవాళ్లను నేను చూడలేదు. తేదీ చెప్పడానికి రమ్మంటారు, రాకపోతే శిక్షించడానికి తేదీ పెడతారు.

హాల్లో కూర్చోవడం గురించి కూడా ప్లాన్ వేసుకునేవాళ్లుంటారు, పాపం. ముందు వరస కుర్చీలు న్యాయవాదులవి. రెండో వరస కూడా వాళ్లదే. వెనక గోడకి ఆనించి ఒకటో రెండో బెంచీలుంటాయి, అవి కక్షిదారులవి, జూనియర్ న్యాయవాదులు వచ్చేదాకా. ఆ తర్వాత వరండా, వరండా నిండితే చెట్టు. చెట్టు కింద కూర్చుంటే పిలుపు వినబడదు. పిలుపు వినబడేచోట నిలబడితే కాళ్లు పీకుతాయి. పేరు మూడుసార్లు పిలుస్తారు, నిజమే. అయితే నాలుగు మాటల పేరున్నవాణ్ని ఏ మాటతో పిలుస్తారో ఎవరూ చెప్పలేరు. వెంకటేశ్వర్లు అని కేకేస్తే ముగ్గురు పరిగెత్తుకొస్తారు. అసలు వెంకటేశ్వర్లు అప్పుడే బాత్‌రూమ్ ఎక్కడుందో వెతుక్కుంటూ వెళ్లి ఉంటాడు. కోర్టు ఆవరణలో అందరికీ తెలిసిన సూత్రం ఒకటుంది: మనిషి పొద్దుటి నుంచి కదలకుండా నిలబడితే కేసు పిలవరు, ఒక్క నిమిషం పక్కకి వెళితే పిలుస్తారు.

బాత్‌రూమ్ మాట వచ్చింది గనుక చెబుతాను. దేశంలోని అన్ని కోర్టు ప్రాంగణాల్లోనూ పురుషులకు, మహిళలకు, వికలాంగులకు, ట్రాన్స్‌జెండర్లకు విడివిడిగా మరుగుదొడ్లు ఉండేలా చూడాలని 2025 జనవరిలో సుప్రీంకోర్టు హైకోర్టులను, ప్రభుత్వాలను ఆదేశించింది. ఆ సదుపాయం 21వ అధికరణం కిందికి వచ్చే హక్కు అని చెప్పింది. సంతోషం. రాజ్యాంగం అమల్లోకి వచ్చిన డెబ్బై అయిదేళ్లకి, న్యాయం కోసం వచ్చి నిలబడ్డ మనిషికి శరీరం కూడా ఒకటుంటుందని కాగితం మీదకి ఎక్కింది. బయట చెట్టు కింద కూర్చున్న ముసలమ్మకి ఆ అధికరణం నంబరు తెలియదు. పొద్దున్నే మంచినీళ్లు తాగకుండా బయల్దేరాలని మాత్రం తెలుసు. కోర్టు ప్లాన్ అంటే ఆవిడదీ.

ఇప్పుడు అసలు విషయానికొద్దాం. పదిన్నరకి ఎవరు రాకపోతే ఏమవుతుంది?

సివిల్ దావాలో ప్రతివాది రాకపోతే ఎక్స్‌పార్టే అవుతుంది. వాది రాకపోతే దావా డిఫాల్టులో పోతుంది. మళ్లీ తెరిపించుకోవాలంటే పిటిషను, అఫిడవిట్టు, స్టాంపులు, ఆలస్యమైతే ఆ ఆలస్యాన్ని మన్నించమని ఇంకో పిటిషను. క్రిమినల్ కేసులో ముద్దాయి రాకపోతే నాన్‌బెయిలబుల్ వారెంటు, దాన్ని రీకాల్ చేయించుకోవడానికి మళ్లీ అదే వరండా. సాక్షి రాకపోతే సమన్లు, ఆ తర్వాత వారెంటు. ఇదంతా న్యాయమే. రమ్మన్నప్పుడు రావాలి.

మరి వకీలుగారు రాకపోతే? పాస్ ఓవర్. దర్యాప్తు అధికారి రాకపోతే? బందోబస్తు డ్యూటీ. ల్యాబు రిపోర్టు రాకపోతే? రాలేదు. జడ్జిగారు సెలవులో ఉంటే? ఇన్‌చార్జి కోర్టులో తేదీ ఇస్తారు. బార్ అసోసియేషన్ విధులు బహిష్కరిస్తే? అందరికీ తేదీ. న్యాయవాదులకు సమ్మె చేసే హక్కు లేదని 2002లోనే సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం తేల్చి చెప్పింది. అందుకే ఎవరూ సమ్మె చేయరు, విధులు బహిష్కరిస్తారు. ఇన్ని గైర్హాజరుల్లో పైసా నష్టపరిహారం కట్టాల్సి వచ్చేది దాదాపు ఒక్కరికే. బస్సు చార్జీ పెట్టుకుని, కూలి పోగొట్టుకుని, అందరికన్నా ముందు వచ్చి గేటు దగ్గర నిలబడేవాడికి.

చట్టం ఇలాగే ఉందా అంటే లేదు. చట్టం చూస్తే కళ్లు చెమరుస్తాయి, అంత ముద్దుగా ఉంటుంది. సివిల్ ప్రొసీజర్ కోడ్ 17వ ఆర్డరు చదవండి. దావా విచారణలో ఒక పార్టీకి మూడుసార్లకు మించి వాయిదా ఇవ్వరాదని ఉంది. 2002 జులై 1 నుంచి అమల్లో ఉన్న మాట అది. 2005లో సేలం అడ్వకేట్ బార్ అసోసియేషన్ కేసులో సుప్రీంకోర్టు, మనిషి చేతిలో లేని అసాధారణ పరిస్థితుల్లో మూడు దాటినా ఇవ్వొచ్చని చిన్న సందు ఉంచింది. భూకంపాలు, వరదల వంటివాటి కోసం ఉంచిన సందు కాబోలు. మన కోర్టుల్లో అసాధారణ పరిస్థితి అంటే మేనత్త కూతురి నిశ్చితార్థం.

అంతకన్నా ముచ్చటైన వాక్యం అదే ఆర్డరులో ఇంకొకటుంది. పార్టీ తరఫు ప్లీడరు వేరే కోర్టులో పనిలో ఉన్నాడన్నది వాయిదాకి కారణం కాకూడదు. అంత స్పష్టంగా ఉంది. 1976 సవరణలో వచ్చిన మాట. ఇప్పటికి దాదాపు యాభై ఏళ్లు. క్రిమినల్ కేసులకు 2024 జులై 1న వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 346వ సెక్షన్‌లోనూ అదే మాట ఉంది. అక్కడైతే అదుపులో లేని పరిస్థితుల్లో కూడా, అవతలి పక్షం అభ్యంతరం విని, కారణాలు రాసి, రెండుసార్లకు మించి వాయిదా ఇవ్వకూడదు. సాక్షి వచ్చి కూర్చుని ఉంటే ప్రత్యేక కారణాలు రాయకుండా విచారణ వాయిదా వేయరాదని కూడా ఉంది. అంటే మన వరండాల్లో రోజుకి కొన్ని వందలసార్లు వినిపించే ‘మా సీనియర్‌గారు పక్క కోర్టులో ఉన్నారండీ’ అనే ఆ ఒక్క వాక్యాన్నే ఏరి, పేరు పెట్టి, రెండు చట్టాల్లో నిషేధించారు. నిషేధించిన తర్వాత ఆ వాక్యం ఎంత బలపడిందో మీరే వెళ్లి వినండి. జూనియర్ న్యాయవాదులకి వృత్తిలో మొదట పట్టుబడే వాదన అదే.

కింది కోర్టుల్నే ఆడిపోసుకోవడం అన్యాయం. 2023 నవంబరులో అప్పటి ప్రధాన న్యాయమూర్తి డీవై చంద్రచూడ్ నిండు కోర్టులో న్యాయవాదులకి లెక్క చదివి వినిపించారు. సెప్టెంబరు, అక్టోబరు రెండు నెలల్లో సుప్రీంకోర్టులో వాయిదా కోరుతూ వచ్చిన చీటీలు 3,688. దేశంలో కల్లా పెద్ద కోర్టులో, దేశంలో కల్లా ఖరీదైన న్యాయవాదుల మధ్య. అక్కడ అలా ఉంటే మన తాలూకా కోర్టులో గుమాస్తా నోటిమాటగా అడిగే వాయిదాలకి లెక్క ఎవరు రాస్తారు?

సాక్షి సంగతికొస్తే నవ్వు రాదు. రోడ్డు మీద ప్రమాదం చూశాడు, లేదా పక్కింట్లో గొడవ చూశాడు. చూసినందుకు సమన్లు వచ్చాయి. కోర్టు కానిస్టేబుల్ ఫోన్ చేసి పదిన్నరకల్లా ఉండమన్నాడు. ఉన్నాడు. సాయంత్రం నాలుగింటికి ముద్దాయి తరఫు వకీలు సిద్ధంగా లేరని పంపించేశారు. మళ్లీ వచ్చాడు. ఈసారి పబ్లిక్ ప్రాసిక్యూటర్‌గారు లేరు. మూడోసారి వచ్చేసరికి ముద్దాయి తమ్ముడు టీకొట్టు దగ్గర పలకరించి, ‘అన్నా, నీకెందుకీ తిప్పలు’ అన్నాడు. బెదిరించలేదు, జాలిపడ్డాడంతే. నాలుగోసారి సాక్షి బోనెక్కి తాను ఏమీ చూడలేదని చెప్పాడు. పత్రికలు దాన్ని సాక్షి ఎదురు తిరగడం అని రాశాయి. అతను తిరిగింది బస్టాండుకీ కోర్టుకీ మధ్య.

2000లో స్వరణ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టే ఈ కథంతా చెప్పింది. సాక్షికి కోర్టులో మర్యాద దక్కడం లేదనీ, బంట్రోతు హాల్లోంచి బయటికి నెడతాడనీ, రోజంతా కాచుకున్నాక వాయిదా పడిందని తెలుస్తుందనీ, కూర్చునే చోటు గాని గ్లాసు మంచినీళ్లు గాని ఉండవనీ, బత్తా కూడా సరిగా అందదనీ రాసింది. ఊరూపేరూ లేని వ్యాసకర్త రాస్తే అతిశయోక్తి అంటారు. సర్వోన్నత న్యాయస్థానం రాసింది గనుక పూర్వ ప్రమాణం అంటారు. పూర్వ ప్రమాణాన్ని పాటించాలి కదా, అందుకని అలాగే ఉంచారు.

ఇక్కడ ఎవరో ఒక కుర్రాడు చెయ్యెత్తి, ఇప్పుడంతా ఆన్‌లైన్ అయిపోయిందంటాడు. అయింది. ఈ-కోర్ట్స్ ప్రాజెక్టు 2007 నుంచి నడుస్తోంది. మూడో దశకి 2023 సెప్టెంబరులో కేంద్ర మంత్రివర్గం 7,210 కోట్ల రూపాయలు ఆమోదించింది. ప్రతి కేసుకీ అక్షరాలూ అంకెలూ కలిసి 16 స్థానాల సీఎన్ఆర్ నంబరుంది. అది ఫోన్లో కొడితే మీ కేసు జాతకం మొత్తం కనబడుతుంది. ఎప్పుడు వేశారు, ఏ తేదీన ఎందుకు వేశారు, ఆ తేదీన ఏమైంది, మళ్లీ ఏ తేదీ. ఒక మేలు ఒప్పుకోవాలి: తేదీ కోసం గుమాస్తా ఫోను ఎత్తేదాకా కాచుకునే బాధ తప్పింది, ఆర్డరు కాపీ ఇంట్లో కూర్చుని చదువుకోవచ్చు. ఆ తేదీన మీ కేసు ఎన్ని గంటలకు వస్తుందో మాత్రం అందులో ఉండదు. ఇన్ని వేల కోట్ల గణిత శక్తి వచ్చి ఆ ఒక్క అంకె దగ్గర తలవంచి ఆగిపోతుంది. వెనకటికి ఎందుకు వెళ్తున్నామో తెలియక వెళ్లి కాచుకునేవాళ్లం. ఇప్పుడు ‘ఫర్ ఆర్గ్యుమెంట్స్’ అని తెలిసి వెళ్లి కాచుకుంటున్నాం. కరోనా కాలంలో తెర మీద వాదనలు విని ఉత్తర్వులిచ్చిన వ్యవస్థే, ఇవాళ వచ్చే నెల తేదీ చెప్పడానికి మనిషిని స్వయంగా రమ్మంటుంది. వాదనలు తెర మీద పట్టాయి గాని, తేదీ పట్టలేదు.

జాతీయ న్యాయ సమాచార గ్రిడ్ అని ఇంకొకటుంది. జిల్లా, కింది కోర్టుల్లో పెండింగు కేసులు నాలుగు కోట్లు దాటాయని అదే చూపిస్తుంది. ఆ నాలుగు కోట్లలో ప్రతి ఒక్కటీ ఏదో ఒక రోజు ఉదయం 10.30కి ఉంది.

కోర్టులో ఓడినవాడు అక్కడే ఏడిస్తే గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడని మన పెద్దలు సామెత కట్టారు. ఆ సామెత పుట్టిన రోజుల్లో గెలుపో ఓటమో తేలేదన్నమాట. అదృష్టవంతులు.

ఇంత కాచుకోలేనివాళ్ల కోసం లోక్ అదాలత్ ఉంది. రాజీ మార్గమే రాజమార్గమని గోడల మీద రాసి ఉంటుంది. నిజంగానే మంచి ఏర్పాటు. రాజీ కుదిరితే కట్టిన కోర్టు ఫీజు వెనక్కిస్తారు, అవార్డు మీద అప్పీలు ఉండదు, కథ ఆ రోజుతో ముగుస్తుంది. అయితే రాజీ బల్ల దగ్గరికి వచ్చేవాళ్లలో మనసు మారి వచ్చినవాళ్లెందరో, మోకాళ్లు అరిగి వచ్చినవాళ్లెందరో ఎవరైనా ఒకసారి అడిగితే బాగుండును. రావాల్సిన ఎకరంలో పాతిక సెంట్లు వదులుకున్నవాణ్ని చూసి ఉదారుడని చప్పట్లు కొడతాం. వాడు వదులుకున్నది పొలం కాదు, వరండా.

ఈ గందరగోళమంతా ఎవరికీ లాభం లేకుండా ఇన్నేళ్లు నడిచిందని అనుకుంటే మనం అమాయకులం. టీకొట్టు, జిరాక్స్ షాపు, స్కూటర్ స్టాండు, గొడుగు కింద నోటరీ, వీళ్లంతా పదిన్నర మీద బతికేవాళ్లే, వాళ్లనేమీ అనను. అసలు లబ్ధిదారు అక్కడ కనబడడు. పక్కవాడి పొలం దున్నుకుంటున్నవాడు, అద్దె ఎగ్గొట్టి షాపులో కూర్చున్నవాడు, అప్పు తీసుకుని నోటు మీద సంతకం నాది కాదన్నవాడు, అన్నదమ్ముల ఇంటికి తాళం వేసి తాళంచెవి జేబులో పెట్టుకున్నవాడు. వాడికి ప్రతి వాయిదా ఒక పంట. కోర్టు ప్రయాణాన్ని పక్కాగా ప్లాన్ చేసుకోగలిగినవాడు దేశంలో వాడొక్కడే: వాడు రాడు. వాడి తరఫున పిటిషను వస్తుంది. అవతల పొద్దుటి బస్సుకి వచ్చినవాడు దానికి కౌంటరు వేయడానికి సమయం అడుగుతాడు.

సరే, జడ్జిలు చాలరు కదా అంటారు. చాలరు. ఆ మాట కాదనేవాడు మూర్ఖుడు. పది లక్షల జనాభాకి 50 మంది జడ్జిలుండాలని 1987లో లా కమిషన్ తన 120వ నివేదికలో చెప్పింది. మంజూరైన పోస్టులన్నీ నిండినా ఇవాళ లెక్క 21 దగ్గరే తిరుగుతోంది. భవనాల సంగతీ అంతే. విజయవాడ కోర్టు సముదాయానికి 2013లో శంకుస్థాపన జరిగితే 2022 ఆగస్టులో ప్రారంభోత్సవం జరిగింది. కోర్టు భవనానికే అన్ని వాయిదాలు పడితే లోపల దావాలకి పడవా? ఒక జడ్జి నెత్తిన ఇన్ని వేల కేసులు పెట్టి ఇంకా వేగం పెంచమనడం అన్యాయం. నేను వేగం పెంచమనడం లేదు. రోజుకి పది కేసులే వినగలిగితే పదే వినండి. ఆ పదిమందినే పిలవండి. మిగిలిన తొంభైమందికి తేదీ ముందురోజు ఫోనుకి పంపండి. దీనికి కొత్త జడ్జి అక్కర్లేదు, కొత్త భవనం అక్కర్లేదు, 7,210 కోట్లలో చిల్లర కూడా కాదు.

చట్టం అడ్డొస్తుందా అంటే అదీ లేదు. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ వెనక అనుబంధంలో సమన్ల నమూనా ఉంది. అందులో తేదీకి ఒక ఖాళీ వదిలారు. గంటకి ఇంకో ఖాళీ వదిలారు. తెల్లదొరల కాలంలో రాసినవాడికి కూడా ఒక్కో కేసుకి ఒక్కో గంట ఉండొచ్చన్న ఆలోచన వచ్చింది. ఆ ఖాళీలో 11.45 అని రాయొచ్చు, 2.30 అని రాయొచ్చు. మనం వందేళ్లుగా అందులో రబ్బరు ముద్ర వేస్తున్నాం.

తిరుమలలో చూడండి. రోజుకి అరవై డెబ్బై వేల మంది వస్తారు. మూడువందల రూపాయల టికెట్టు మీదా గంట ఉంటుంది, ఉచితంగా ఇచ్చే సర్వదర్శనం టోకెను మీదా గంట ఉంటుంది. అక్కడా ఆలస్యాలున్నాయి, తోపులాటలున్నాయి. అయినా ఫలానా గంటకి రా అని చెప్పడం మొదలుపెట్టారు. పాస్‌పోర్టు ఆఫీసు ఫలానా పావుగంటకి రమ్మంటుంది. కలియుగ వైకుంఠానికి సాధ్యమైన పని, కౌలు తగాదా వినే మున్సిఫు కోర్టుకి సాధ్యం కాకపోవడంలో మహిమ ఏదో ఉండి ఉండాలి.

ఇదేదో నా ఊహ కాదు. సాక్షులున్న కేసులు ముందు పిలిచే జడ్జిలున్నారు. చేతికర్రతో వచ్చిన ముసలాయన్ని చూసి, కట్ట పైకి తీయించి, విని పంపించే జడ్జిలున్నారు. పసిబిడ్డతో వచ్చిన తల్లిని కూర్చోబెట్టమని అటెండరుకి చెప్పేవాళ్లున్నారు. ఆ కోర్టుల్లో ఆకాశమేం ఊడిపడలేదు. కానీ అది ఆయన మంచితనం, ఆవిడ మంచితనం. రెండు మూడేళ్లకి బదిలీ ఉత్తర్వు వస్తుంది, సామానుతో పాటు మంచితనం కూడా లారీ ఎక్కుతుంది. రబ్బరు ముద్ర మాత్రం బెంచి క్లర్కు సొరుగులో ఉంటుంది.

చివరికి మిగిలే అభ్యంతరం ఒక్కటే, అది న్యాయవాదులది. కేసుకో గంట చొప్పున ఇస్తే తమకి చాలా కష్టమట. ఒకే మనిషి కింద కోర్టులో 11 గంటలకీ, మేడ మీద కోర్టులో 11.30కీ, అవతలి వీధిలో ఫ్యామిలీ కోర్టులో 12కీ ఎలా ఉండగలడని అడుగుతారు. సబబైన ప్రశ్నే. ఇప్పుడైతే ఆ మూడు కోర్టుల్లోనూ ఆయన 10.30కే ఉండాలి, అందుకే మూడింట్లోనూ పక్క కోర్టులో ఉన్నారు. గంటలు వేరైతే ఎక్కడో ఒకచోట నిజంగా దొరికిపోతారు.